ముందు ఎత్తుకోండి

బ్రాడీపేటలోని ఆ కాన్పుల ఆసుపత్రిలో, కడుపులో ఉన్నది ఆడో మగో చెప్పడం నేరమని బోర్డు ఉండేది. పుట్టాక కూడా వెంటనే చెప్పకూడదన్నది అక్కడి ఆయా సొంత చట్టం. మగపిల్లాడని ముందుగా కబురు తెచ్చిన ఆయాకి చీర పెట్టడం మా వైపు ఆనవాయితీ. ఈవిడ మాత్రం బిడ్డను తువ్వాలులో మెడదాకా చుట్టి తెచ్చి, "ముందు ఎత్తుకోండి, తర్వాత చెప్తా" అనేది.

నా భార్యకు అది మూడో కాన్పు. మాకు అప్పటికే ఇద్దరు ఆడపిల్లలు. తమ్ముడికి మూడేళ్ళుగా పిల్ల దొరకడం లేదని వాపోయే మా అమ్మ, మిరపకోతలు వదిలేసి మనవడి కోసం వచ్చి కూర్చుంది.

"ఎవరమ్మా పుట్టింది?"

"ఎత్తుకోండి పెద్దమ్మగారూ."

అమ్మ విసుక్కుంటూనే చేతులు చాపింది. బిడ్డ ఆవలించింది. అమ్మ నవ్వింది. అప్పుడు చెప్పింది ఆయా, ఆడపిల్లని. అమ్మ ముఖం వాడిపోయింది గానీ, బిడ్డను తిరిగి ఇవ్వలేదు.

నాలుగోరోజు ఇంటికి వెళ్ళేటప్పుడు, ఎందుకలా చేస్తారని ఆయాను అడిగాను.

"ముందే తెలిస్తే కొందరు చేతులు చాపరండీ."

"నిజమే, పాతకాలం మనుషులు" అన్నాను.

ఆవిడ తువ్వాలు మడతపెడుతూ అంది, "మీరింకా ఎత్తుకోలేదు కదండీ."