అరువు బట్టతల

మా తెల్ల సముద్రం ఒడ్డున ఫెవ్రోన్య వదిన గురించి చెప్పాలంటే ఆ దిక్కుమాలిన సినిమా గురించే చెప్పాలి. జార్ల కాలంలో ధ్రువం వైపు వెళ్ళిన ఒక శాస్త్రవేత్త కథ తీయడానికి లెనిన్‌గ్రాద్ వాళ్ళు మా ఊళ్ళో దిగారు. ఆ వారంలోనే సీల్ జంతువుల వేటకెళ్ళిన వదిన మొగుడు కొంద్రాత్‌ను, నిలబడ్డ మంచుపలకతో సహా, గాలి సముద్రంలోకి ఈడ్చుకుపోయింది.

గాలి మళ్ళాలంటే మా ఆడవాళ్ళు ఇరవై ఏడుగురు బట్టతలవాళ్ళ పేర్లు చెప్పి, పేరుకో గాటు కర్ర మీద పెట్టి, దాన్ని సముద్రంలోకి విసరాలి. యుద్ధం మగవాళ్ళను మింగేశాక అన్ని బట్టతలలు ఎక్కడివి? వదిన పిచ్చిదానిలా ఇల్లిల్లూ తిరిగి టోపీలు లాగింది. ఇరవై ఆరే దొరికాయి, ఒక్కటి తక్కువైంది. సినిమాలో శాస్త్రవేత్త వేషం కట్టినవాడి నున్నటి తల చూసి, పేరడిగి, ఆఖరి గాటు పెట్టి విసిరేసింది.

గాలి మళ్ళలేదు. సాయంత్రం ఆ నటుడు నెత్తిమీది రబ్బరు తోలు ఒలిచాడు. కింద ఒత్తయిన జుట్టు!

"నీ మొహం మండ! నా మొగుణ్ణి చంపావు కదరా!"

"నాకేం తెలుసమ్మా? ఉండు," అని అతను అక్కడే గుండు గీయించుకున్నాడు.

"గుండు బట్టతలవుతుందా వదినా?" అన్నాను.

"నోర్ముయ్యవే," అని వదిన కొత్త కర్ర చెక్కింది.

తెల్లారేసరికి గాలి మళ్ళింది. మంచుపలకలు ఒడ్డుకొచ్చాయి. సినిమావాళ్ళు సంబరపడి కెమెరా పెట్టారు. వదిన నల్ల శాలువాతో ఒక్కో పలకా ఎక్కి, మొగుణ్ణి పేరు పెట్టి పిలుస్తూ పోయింది. కొంద్రాత్ ఏ పలక మీదా లేడు.

ఆ సినిమాలో మంచు మీద దూరంగా ఒక నల్లటి చుక్క కదులుతుంది. చూసినవాళ్ళంతా సీల్ అనుకుంటారు.