బంగ్లా గేమ్‌లో ఆరో గాటు

నాకు రాయడం సరిగ్గా రాదు. నాలుగో తరగతితో బడి మానేసినదాన్ని. ఆ తర్వాత రాసినవన్నీ సరుకుల చీటీలే. దీంట్లో దీర్ఘాలు, వత్తులు తప్పుతాయి. ఒక్కోసారి ముందు చెప్పాల్సింది వెనక చెబుతానేమో కూడా. తప్పులు చూసి కోపం తెచ్చుకోకండి, సంగతి మాత్రం చదవండి. మా బిడ్డ నోటుబుక్కులో చివరి కాగితాలు మిగిలితే వాటి మీద రాస్తున్నాను. మొదటి కాగితం మూడుసార్లు చించేశాను.

నేను చెప్పబోయేది ఒక దయ్యాల వీడియో గేమ్ గురించి. అందులో ఏ భాగం ముందు, ఏ భాగం వెనక అనే గొడవ గురించి. ఆ గొడవలో నా కుర్చీ పోవాల్సింది.

మా పుట్టిల్లు చేవెళ్ల, అత్తగారిల్లు మొయినాబాద్. రెండు ఇళ్లల్లోనూ కిరాణం దుకాణమే. నా పెళ్లయిన కొత్తలో మొయినాబాద్ చుట్టూ ఇంజనీరింగ్ కాలేజీలు లేచాయి. చేవెళ్ల రోడ్డు మీద కూరగాయల బండ్లకన్నా కాలేజీ బస్సులే ఎక్కువయ్యాయి. జన్వాడ దిక్కు, చిన్న మంగళారం దిక్కు పొలాలకు గోడలు కట్టి గేట్లు పెట్టారు. రోడ్డు పక్క గది ఉన్న ప్రతి ఇంటికీ ఒక బోర్డు వచ్చింది. కంప్యూటర్ కోర్సు, ఇంటర్నెట్, జిరాక్స్. మా ఆయన కూడా బెల్లం బస్తాలు వేసే పక్క గది ఖాళీ చేసి రెండు టీవీలు, రెండు గేమ్ మిషన్లు పెట్టారు. పిల్లలు వచ్చి అక్కడే ఆడుకునేవాళ్లు. డిస్కులు కిరాయికి కూడా తీసుకుపోయేవాళ్లు.

మా ఆయన సరుకు కోసం పొద్దున్నే పట్నం పోయేవారు. మామయ్య కిరాణం చూసుకునేవారు. మరిది అప్పుడు ఇంటర్ చదువుతున్నాడు. గేమ్ గదిలో కూర్చోవడానికి మనిషి లేక నన్ను కూర్చోబెట్టారు. ఆ ఇంట్లో కోడళ్లు దుకాణంలోకి వచ్చి బియ్యం చెరిగేవాళ్లు, పొట్లాలు కట్టేవాళ్లు. అన్నీ కింద కూర్చునే. చేతుల కుర్చీలో కూర్చుని గిరాకీతో మాట్లాడిన మొదటి కోడలిని నేనే. మొదటి వారం కుర్చీ అంచున కూర్చున్నాను. తర్వాత వీపు ఆనించాను. ఆ కుర్చీ నాకెంత ఇష్టమో ఎవరికీ చెప్పలేదు.

అన్నిటికన్నా ఎక్కువ పోయేది బంగ్లా గేమ్. దాని అసలు పేరు ఇంగ్లీషులో ఉండేది, నాకు చదవరాదు. పిల్లలు కూడా బంగ్లా గేమ్ అనే అడిగేవాళ్లు. ఒక పాడుబడ్డ బంగ్లా, అందులో తెల్ల జుట్టు ముసలమ్మ దయ్యం. డబ్బాల మీద ఒకటి, రెండు, మూడు, నాలుగు అని అంకెలు ఉండేవి. నాలుగోదాని చివర బంగ్లా కాలిపోతుంది, ముసలమ్మ దయ్యం మాయమవుతుంది. కథ అయిపోయిందనుకున్నాం.

అప్పుడు ఇంకో డిస్కు వచ్చింది. అదే బంగ్లా, అదే ముసలమ్మ. కానీ డబ్బా మీద అంకె లేదు.

మా మామయ్యకు ఒక పద్ధతి ఉంది. దుకాణంలోకి ఏది వచ్చినా వచ్చిన వరసలోనే పేర్చాలి. ముందు వచ్చిన సరుకు ముందు, తర్వాత వచ్చింది దాని వెనక. పప్పు అయినా సబ్బు అయినా అంతే. డిస్కులకు కూడా అదే పద్ధతి పెట్టారు. అంకె లేని డబ్బా చూసి, నాలుగు తర్వాత వచ్చింది కదా అని మార్కర్ పెన్నుతో దాని మీద పెద్దగా 5 వేసి నాలుగు వెనక పెట్టారు. ఇక మొయినాబాద్‌లో అందరికీ అది అయిదోదే అయిపోయింది.

పిల్లలు నాలుగోది ఆడి, అయిదోది తీసుకుపోయి, మర్నాడే తెచ్చి ఇచ్చేవాళ్లు. "ఏం సమజైతలేదక్కా. ముసలామె ఖతమైంది గదా, మల్ల లేచి రొట్టెలు చేసుడేంది?" అని అడిగేవాళ్లు. చివరిదాకా ఎవరూ ఆడలేదు. సరిగ్గా ఆ రోజుల్లోనే కాలేజీ గేటు ఎదురుగా ఇంకో గేమ్ దుకాణం తెరిచారు. మా దగ్గరికి వచ్చేవాళ్లు ఒక్కొక్కరే అటు పోయారు.

ఒక శనివారం మామయ్య నన్ను పిలిచారు. మరిది పక్కనే నిలబడి ఉన్నాడు.

"నిన్ను ఏమంటలేనమ్మా," అన్నారు మామయ్య. "కాలేజీ పిల్లలు ఇంగ్లీషుల అడుగుతరు, నీకు తెల్వకపాయె. చిన్నోడు ఇంటర్ పాసయిండు. సోమారం సంది వాన్ని కూసోబెడ్త. నువ్వు లోపల నిమ్మలంగ ఉండు."

 అయినా ఎట్లాగో అన్నాను. "మామయ్యా, పిల్లలు నాకు ఇంగ్లీషు రాక పోతలేరు. ఆ అయిదో డబ్బ తప్పు జాగల ఉన్నది. అది ఒకటికన్న ముందు ఉండాలె."

మరిది నవ్వాడు. "వదినే, నాయిన రాసిన నంబరే తప్పంటున్నవా?"

 నాకు భయం వేసింది. దుకాణంలో ఆయన వేసిన అంకె తప్పని ఆ ఇంట్లో అప్పటిదాకా ఎవరూ అనలేదు, మా ఆయన కూడా.

మర్నాడు ఆదివారం. ప్రతి ఆదివారం ఆలూరు నుంచి ఒకతను బండి మీద వచ్చేవాడు. సిటీలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. కంపెనీ వాళ్లు చేసిన ప్రోగ్రాముల్లో తప్పులు పట్టుకోవడమే అతని పని అని చెప్పేవాడు. గేమ్‌ల సంగతిలో అతను చెప్పిందే మాట. అందుకే మామయ్య అతన్నే అడిగారు.

"అయిదోదే సేటూ," అన్నాడతను. "నాలుగుల బంగ్లా కాలిపాయె. ఇందుల మల్ల కట్టిండ్రు. బొమ్మ ఎంత సాఫుగ ఉన్నదో సూడుండ్రి. కొత్తది కాబట్టే గట్లున్నది."

"బొమ్మ కొత్తదే తమ్మీ," అన్నాను. "కథ పాతది."

"ఎట్ల చెప్తవక్కా?"

చెప్పాను. ఆడేవాళ్లు దయ్యం ఎటునుంచి వస్తుందో అని చూస్తారు. వెనక కుర్చీలో కూర్చున్నదాన్ని, నేను ఇల్లు చూసేదాన్ని. ఒకటో గేమ్‌లో వంటగది దర్వాజ చెక్క మీద కత్తితో కోసిన గాట్లు ఆరు ఉంటాయి, ఒకదాని మీద ఒకటి. పిల్ల ఎంత ఎత్తు పెరిగిందో ఏటేటా పెట్టిన గుర్తులవి. అయిదు సక్కగా ఉంటాయి. పైనున్న ఆరోది మాత్రం కొడవలిలాగా వంకర తిరిగి కిందికి జారి ఉంటుంది. అంకె లేని గేమ్‌లో అదే దర్వాజకు మొదట్లో మూడే గాట్లు ఉన్నాయి. ముసలమ్మ బతికే ఉంది, ఒక మనవరాలు ఉంది.

"కొత్త ఇల్లు కట్టినంక కొత్త పిల్లకు కొత్తగ పెట్టిండ్రేమో," అన్నాడతను.

"అట్లయితే ఆరోది కూడ సక్కగ పడాలె గదా. ఇది ముందు కథ అయితే ఆరోది వంకర పడ్తది. చివరిదాక ఆడి సూడుండ్రి."

అనేశాక గుర్తొచ్చింది. చివర ఏముందో నేను చూడలేదు కదా.

మామయ్య తువ్వాలు భుజం మీద వేసుకున్నారు. "సరే. ఆరో గాటు వంకర పడ్డదా, కుర్చీ నీది. మల్ల ఎవ్వడు అడగడు. పడకపోతే రేపటి సంది చిన్నోడిది." కిరాణం తలుపు ఒకటి దగ్గరికి వేసి వచ్చి, గేమ్ గదిలో బస్తా మీద కూర్చున్నారు. దయ్యాల గేమ్ ఆయన చూడడం అదే మొదటిసారి.

రిమోట్ ఎవరు పట్టుకోవాలంటే అందరూ ఒక అమ్మాయి వైపు చూశారు. చిన్న మంగళారం నుంచి కాలేజీకి వచ్చే పిల్ల, రెండు జడలు. పెద్దగా మాట్లాడదు. మా గదిలో ఆమెను గెలిచిన మగపిల్లవాడు లేడు.

పొద్దున పది గంటలకు మొదలుపెట్టింది. ఆ గేమ్‌లో ఒక్కో భాగం ఒక్కో ఏడు. నాలుగో గాటు పడింది, సక్కగా. అమ్మాయి బావిలోకి దిగింది, మేడ ఎక్కింది, దీపం దగ్గర ఆగి అప్పటిదాకా ఆడిన ఆటను సేవ్ చేసి దాచుకుంది. అయిదో గాటు పడింది. అదీ సక్కగానే. పన్నెండు అయింది. కరెంటు పోయింది.

ఎండాకాలం, రెండు గంటల కోత. అమ్మాయి నాలిక కరుచుకుంది. అయిదో గాటుకు ముందు దాచుకుంది కానీ తర్వాత దాచుకోలేదు. ఆ భాగమంతా మళ్లీ ఆడాలి.

"అయిదు సక్కగనే పడ్డయి గదమ్మా," అన్నారు మామయ్య.

నేను నీళ్లు తేవడానికి లేచాను. వచ్చేసరికి మరిది నా కుర్చీలో కూర్చుని కాళ్లు ఊపుతున్నాడు. "జర ఎత్తున్నది వదినే. ఈ కుర్చీ కాళ్లు కోయిస్త."

"రేపు కోయిచ్చుకో. ఇయ్యాల లే."

లేచాడు. పిల్లలు నవ్వారు. అందరికీ నీళ్లు ఇచ్చాను. ఆలూరు అతను గ్లాసు పట్టుకుని అడిగాడు, "అక్కా, నేను జీతం తీసుకుని తప్పులు ఎతుకుతా. నాకు గాట్లు కనవడలే. నీకెట్ల కనవడ్డయి?"

చెప్పాలా వద్దా అనుకున్నాను. కానీ చెప్పాను. చేవెళ్లలో మా బాపు కూడా దుకాణం దర్వాజకు మా ఎత్తు గాట్లు పెట్టేవాడు, బస్తాలు కోసే కత్తితో. నేను నాలుగో తరగతి అయిపోయిన ఏడు నన్ను నిలబెట్టి, కత్తి పెట్టేటప్పుడు, ఇక బడికి పోవద్దు, చెల్లెను చూసుకోవాలి అన్నాడు. నేను తల తిప్పాను. గాటు పక్కకు జారింది. ఇప్పటికీ ఆ దర్వాజకు అట్లనే ఉంది.

"వంకర గాటు ఉన్నదంటే ఆడ ఏదో అయింది తమ్మీ," అన్నాను.

మామయ్య అటు తిరిగి తువ్వాలుతో విసురుకుంటున్నారు. విన్నారో లేదో నాకు తెలియలేదు.

కరెంటు రెండు దాటాక వచ్చింది. అమ్మాయి జడలు వెనక్కి వేసుకుని మళ్లీ మొదలుపెట్టింది. ఈసారి త్వరగా ఆడింది. అయిదో గాటు మళ్లీ సక్కగా పడింది. దీపం దగ్గరికి ఉరికి ఆటను దాచుకుంది. ఆ తర్వాత ఒక గంట ఏమేం అయిందో నాకు గుర్తు లేదు. నేను టీవీ చూడలేదు, మామయ్య కాళ్ల దగ్గరి గచ్చు చూస్తున్నాను.

"అక్కా, వంటగది," అంది అమ్మాయి.

తలెత్తాను. మనవరాలు దర్వాజకు వీపు ఆనించి నిలబడింది. ముసలమ్మ కత్తి తెచ్చింది. పిల్ల తల మీద చెయ్యి పెట్టి అదిమింది, మా బాపు పెట్టినట్టే. కత్తి చెక్కకు ఆనింది. అప్పుడు ఆటలోనే బంగ్లా బయటి తలుపు ఎవరో దబదబ కొట్టారు.

గదిలో అందరం ఎగిరిపడ్డాం. మామయ్య బస్తా మీదినుంచి లేచారు. టీవీలో ముసలమ్మ చెయ్యి కూడా అదిరింది. కత్తి జారింది. గాటు వంకర తిరిగి కిందికి దిగింది, కొడవలిలాగా.

అమ్మాయి బొమ్మను అక్కడే ఆపింది.  మరిదే లేచి, ఒకటో డిస్కు తీసి రెండో టీవీలో వేసి, వంటగది దాకా తానే ఆడి అక్కడ ఆపాడు. రెండు టీవీలు పక్కపక్కన. ఇటు తాజా గాటు, అటు దుమ్ము పట్టిన గాటు. ఒకే వంకర.

"వదినే," అన్నాడు మరిది.  వెళ్లి నా కుర్చీ తెచ్చి టీవీల ముందు వేశాడు.

పిల్లలు అప్పుడు అరిచారు. ఆ అరుపుకు రోడ్డు మీద పోయేవాళ్లు లోపలికి తొంగి చూశారు. ఆలూరు అతను నెత్తి గోక్కుంటూ, "నా జాగల అక్కను పంపియ్యాలె కంపెనీకి," అంటే, "పంపితే నువ్వొచ్చి ఈడ కూసుంటవా? ఇంగ్లీషు వస్తదిగని ఇల్లు సూసుడు రాదు గదా నీకు," అన్నారు మామయ్య. అందరికన్నా గట్టిగా అతనే నవ్వాడు. నేను వీపు ఆనించి కూర్చున్నాను.

మామయ్య గుడ్డకు కిరసనాయిలు అద్ది, తను వేసిన 5 ను తనే తుడిచారు. తర్వాత చిక్కు వచ్చింది. ఒకటికన్నా ముందు ఏం రాయాలి? మరిది సున్నా రాయమన్నాడు. మామయ్య ఒప్పుకోలేదు. సరుకు మీద సున్నా వేస్తే సరుకు లేదని అర్థం. కాసేపు ఆలోచించి మార్కర్ పెన్ను నా చేతికి ఇచ్చారు.

"వడ్లు కొలిచేటప్పుడు మొదటి కుంచం ఏమంటం? ఒకటి అనం గదా. లాభం అంటం. గదే రాయి. నువ్వే రాయమ్మా."

ఆ దుకాణంలో సరుకు మీద నేను రాసిన మొదటి మాట అది. ఆ డబ్బాను ఒకటి ముందు పెట్టాను. మామయ్య పద్ధతి తప్పి వెనక వచ్చిన సరుకు ముందుకు వచ్చింది ఆ ఒక్కసారే.

వారం తిరగకముందే కాలేజీ గేటు దగ్గరికి పోయినవాళ్లు తిరిగి వచ్చారు. బంగ్లా గేమ్ కథ మొదటినుంచి అర్థం కావాలంటే మా దుకాణానికే పోవాలని ఒకరికొకరు చెప్పుకున్నారు. వచ్చి, "అక్కా, లాభం ఇయ్యి," అనేవాళ్లు. పక్కనుంచి మామయ్య, "ముందు లాభం, తర్వాతనే ఒకటి," అనేవారు. కొత్త గేమ్ ఏది వచ్చినా నేను చూసి జాగా చెప్పేదాకా మామయ్య దాని మీద అంకె వేయలేదు.

డిస్కుల కాలం పోయింది. ఇప్పుడు ఆ గదిలో మళ్లీ బెల్లమే ఉంది. నేను ఇటు కిరాణంలో కూర్చుంటున్నాను. కుర్చీ అదే.

ఆ డబ్బా ఇంకా నా దగ్గర ఉంది. ఇది రాయడానికి ముందు తీసి చూశాను. లాభం అని రాయబోయి లాబం అని రాసి ఉన్నాను. ఇన్నేళ్లు అంతమంది కాలేజీ పిల్లలు దాన్ని చేత్తో పట్టుకున్నారు, ఒక్కరూ దిద్దలేదు. ఈ కాగితాల్లో కూడా అట్లాంటివి చాలా ఉంటాయి. మీరూ ఆ పిల్లల్లాగే నా తప్పులు మన్నించండి.