అత్త ‘సూడు’ అనింది

మంగళవారం పొద్దున ఇడ్లీ పాత్ర పొయ్యి మీద పెడుతుంటే ఫోన్ మోగింది. గుడియాత్తం నుంచి, అత్త తమ్ముడి భార్య. “టీచరమ్మా, మా వదిన తెల్లారుజామున పొయ్యింది. నిద్రలోనే. మీకు చెప్పల్లని అనిపించింది” అంది. నేను అయ్యో అన్నాను. ఆ అయ్యో కంటే ముందు నా లోపల ఇంకొకటి కదిలింది. అది ఊరట. హమ్మయ్య, ఇంక ఆమెకు చెప్పాల్సిన పని లేదు అనిపించింది. ఒక మనిషి పోయిందని వినగానే నాకు మొదట కలిగింది అదీ. అత్త గురించి రాసే అర్హత నాకు లేదు. అయినా రాస్తున్నాను, ఎందుకంటే మా వీధిలో నేను కాక తెలుగు రాయడం వచ్చినవాళ్లు లేరు.

అత్త మాకు చుట్టం కాదు. వేలూరు తొరపాడిలో మా పక్కిల్లు. వీధిలో తెలుగువాళ్లకూ తమిళులకూ, పెద్దలకూ పిల్లలకూ ఆమె అత్తే. ఒక ఆసుపత్రిలో ఆయాగా పనిచేసి రిటైరైంది. వార్డులో రోగులకు బ్రెడ్డు కాల్చి ఇవ్వడం ఆమె పనుల్లో ఒకటి. మా ఊళ్లో బ్రెడ్డు అంటే జబ్బు మనిషి తిండి. ఆసుపత్రి మీదుగా పోయే బాగాయం బస్సులో ఎవరి చేతిలోనైనా బ్రెడ్డు పొట్లం కనిపిస్తే “ఎవరు చేరారు?” అని అడుగుతారు తప్ప, ఆకలేసిందా అని ఎవరూ అడగరు. అత్తకు అదే నచ్చేది కాదు. “ఒళ్లు బాగుండేవాళ్లు రొట్టి తినకూడదని యాడ రాసిపెట్టి ఉండాది?” అనేది.

అందుకే శనివారం సాయంత్రం నాలుగింటికి వీధి పిల్లలను పిలిచేది. ఏడెనిమిది మంది వచ్చేవాళ్లు. చేతులు కడుక్కోనిదే వంటింటి గడప దాటనిచ్చేది కాదు. నేల మీద చాప, చాపకు ఎదురుగా చిన్న స్టౌ, దాని మీద దోసెల పెనం. ఒక పిల్ల చెంచా వీపుతో బ్రెడ్డు ముక్కకు నెయ్యి పూస్తుంది. ఇంకొకడు మూడు వేళ్లతో చక్కెర చల్లుతాడు. నాలుగో వేలు కలిస్తే అత్త చేతి మీద చిన్నగా కొడుతుంది. ఏలకుల పొడి చల్లే పని కోసం కొట్లాటలు జరిగేవి కాబట్టి అది వంతుల మీద నడిచేది. చక్కెర ఉన్న వైపు పెనం మీద బోర్లించి, స్టీలు గ్లాసు అడుగుతో ఒత్తి, పది లెక్కపెట్టాలి. సగం మంది తమిళంలో, సగం మంది తెలుగులో లెక్కపెట్టేవారు. ఒకరు పదికి చేరేసరికి ఇంకొకరు ఏడులో ఉండేవారు. మధ్యలో ఎవరైనా అట్లకాడతో గెలికితే “దాని పని దాన్ని చేసుకోనీ నాయనా” అనేది అత్త. తిప్పితే చక్కెర కరిగి తేనె రంగుకు వచ్చి ఉండేది, చల్లారాక కొరికితే కరకరలాడేది. మాడిన ముక్క మాత్రం పిల్లలకు పెట్టేది కాదు. “మాడింది నాది, మంచిది మీది” అని తన పళ్లెంలో వేసుకునేది. అత్త పళ్లెంలో ఎప్పుడూ నల్ల ముక్కలే.

ఇక నా సంగతి. నేను పుట్టింది గుడియాత్తంలోనే. మా అమ్మ అచ్చం అత్తలాగే మాట్లాడేది. నన్ను చిత్తూరులో హాస్టల్లో పెట్టి చదివించారు. అక్కడ నా మాటలో తమిళం దొర్లిందని ఒకరోజు క్లాసంతా నవ్వింది. ఆ రోజు నుంచి నా నోరు నేనే తోమి తోమి కడుక్కున్నాను. తెలుగు టీచరునయ్యాను. మా ఆయన ఉద్యోగం వల్ల వేలూరుకు తిరిగి వచ్చేసరికి మా పాపకు అయిదేళ్లు. తమిళం ముక్క రాదు, తెలుగు మాత్రం పుస్తకం చదివినట్టు మాట్లాడేది. అది చూసుకుని నాకు ఎంత మిడిసిపాటో. పాపను అత్త ఇంటికి పంపుతూనే, తిరిగి రాగానే అక్కడి మాటలు బియ్యంలో రాళ్లలా ఏరి పారేసేదాన్ని. “అత్త ‘సూడు’ అంటే చూడు అని అర్థం. నువ్వు మాత్రం చూడు అనాలి. సూడు తప్పు” అని ఎన్నిసార్లు చెప్పానో లెక్కలేదు.

తమిళం తెలియని వాళ్ల కోసం ఒక మాట చెప్పాలి. తమిళంలోనూ ‘సూడు’ ఉంది. అక్కడ దాని అర్థం వేడి. మా వైపు తెలుగువాళ్లు ఈ రెండు సూడులనూ ఒకే నోటితో, ఒకే పూట వాడతారు. ముక్క రంగు తిరిగిందని చూపించడానికి అత్త “సూడు” అనేది. పెనం దగ్గరికి చెయ్యి వస్తే కూడా “సూడు” అనే అరిచేది. ఏది ఏదో వీధి పిల్లలకు గొంతును బట్టే తెలిసిపోయేది. నేను మా పాపకు ఒక్క అర్థమే నేర్పాను. రెండోది నాకు తెలియక కాదు. అది తెలుగు కాదు కదా అని.

ఒక శనివారం పాప చక్కెర చల్లకుండా, చిటికెడు చిటికెడు తీసి ముక్క మీద ‘అ’ రాసింది. అత్త దాన్ని జాగ్రత్తగా బోర్లించి కాల్చింది. నేను పాపను పిలవడానికి వెళ్లి గుమ్మంలో నిలబడి ఉన్నాను. తిప్పేసరికి బ్రెడ్డు మీద గోధుమరంగులో ‘అ’ తేలింది. “ఇదేం బొమ్మ నాయనా?” అంది అత్త. “బొమ్మ కాదు అత్తా, అ. అమ్మలో మొదటి అక్షరం” అంది పాప. అత్త ఆ ముక్కను అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూసింది. “మా అమ్మ మాట్లాడిన మాటకి ఇంత అందమైన ముఖం ఉండాదా? ఇన్నేండ్లూ నాకు తెలీలేదే” అంది. ఆ ముక్కను ఎవరినీ తిననివ్వలేదు, తనూ తినలేదు. మర్నాటికి చీమలు పట్టాయట. ఇంత వయసు మనిషి ‘అ’ చూసి మురిసిపోతోందని ఇంటికొచ్చి మా ఆయనతో చెప్పి నవ్వాను.

తర్వాత రెండు వారాలకు అది జరిగింది. నేను మేడ మీద ఆరిన బట్టలు తీస్తుంటే అత్త కేక వినపడింది. “సూడు! సూడు!” ఆ వెంటనే పాప అరుపు. పరుగెత్తాను. కరిగిన చక్కెర పాప రెండు వేళ్లకు అంటుకుపోయింది. అత్త అప్పటికే దాని చెయ్యి నీళ్ల బకెట్‌లో ముంచి పట్టుకుని ఉంది. నేను పాపను వీధిలోకి లాక్కొచ్చి, అక్కడ నిలబడి నోరు పారేసుకున్నాను. పసిపిల్లల్ని పొయ్యి దగ్గర కూర్చోబెట్టడానికి బుద్ధి లేదా అన్నాను. ఆసుపత్రిలో రోగుల్నీ ఇలాగే చూశావా అన్నాను. “చెప్పినానమ్మా, సూడు సూడు అని అరిసినా గదా” అంది అత్త. “చెయ్యి కాలుతుంటే చూడమంటావా? ఒక్క మాట సరిగ్గా చెప్పడం చేతకాదు. నీకెందుకు పిల్లలు?” అన్నాను. అత్తకు పిల్లలు లేరు. కోపంలో నోరు జారిందని ఇన్నేళ్లూ నాకు నేను చెప్పుకున్నాను. జారలేదు, తెలిసే అన్నాను.

అత్త ఏదో చెప్పబోయింది. నన్ను చూసింది, పాపను చూసింది. ఏదో అర్థమైనట్టు ముఖం మారింది. కానీ “తప్పయిపొయ్యిందమ్మా” అని మాత్రం అని లోపలికి వెళ్లింది.

ఆ సాయంత్రం వేళ్లకు మందు రాస్తుంటే పాప అంది. “అమ్మా, అత్త సూడు అంది కదా. సూడు అంటే చూడు. అందుకే వంగి చూశాను. ముట్టుకుని చూశాను.” నాకు తల కొట్టేసినట్టయింది. అత్త వేడి అని అరిచింది. నా బిడ్డ నేను చెప్పిన పాఠం ప్రకారం నడుచుకుంది.

వేళ్లు రెండు వారాల్లో మానిపోయాయి, ఇప్పుడు మచ్చ కూడా లేదు. కానీ నా అరుపులు విన్న తల్లులు పిల్లలను పంపడం మానేశారు. తర్వాతి శనివారం మా కిటికీలోంచి చూశాను. అత్త చాప పరిచింది. బ్రెడ్డు పొట్లం విప్పింది, నెయ్యి గిన్నె పక్కన పెట్టింది. అయిదు దాటేదాకా వాకిట్లో కూర్చుని వీధి ఆ చివరా ఈ చివరా చూసింది. మా రెండు గడపలకు మధ్య పది అడుగులు లేవు. ఏ నోటితో అరిచానో ఆ నోటితోనే అదే వీధిలో నిలబడి తప్పు నాదని ఒక్క మాట చెబితే పిల్లలు మళ్లీ వచ్చేవాళ్లు. నేను కిటికీ మూసేశాను. భాష తెలిసిన టీచరమ్మ అని వీధిలో నాకున్న పేరు నాకు అంత ముద్దయింది.

మూడు నెలలకు అత్త ఇల్లు ఖాళీ చేసి గుడియాత్తంలో తమ్ముడింటికి వెళ్లిపోయింది. పిల్లలు రాని ఇంట్లో ఏం చేస్తుంది? వెళ్లే రోజు పాప తల నిమిరి, “బిడ్డకి తెలుగు బాగా నేర్పించమ్మా, విడవాకు” అంది నాతో. ఎత్తిపొడుస్తోంది అనుకున్నాను. గుడియాత్తానికి బస్సులకు కొదవ లేదు. ఆరేళ్లలో ఒక్కటీ ఎక్కలేదు. ముఖం చెల్లలేదు అంటే కాస్త మర్యాదగా ఉంటుంది గానీ, నిజానికి భయం.

మంగళవారం ఎక్కాను. నేనూ వస్తానని పట్టుబడితే పాపను కూడా బడి మానిపించి తీసుకెళ్లాను. దానికిప్పుడు పదకొండేళ్లు. మేం చేరేసరికి అంతా అయిపోయింది. వీధి మొదట్లో గోడకు తమిళంలో శ్రద్ధాంజలి పోస్టరు. ఇంటి ముందు పందిట్లో కుర్చీ మీద అత్త ఫోటో, దండ, దీపం. అత్త తమ్ముడి భార్య మాకు కాఫీ ఇచ్చి, ఒక తెల్ల అట్టా స్కెచ్ పెన్నూ తెచ్చింది. “వదినకి తెలుగు అచ్చరాలంటే ప్రాణం. పోస్టరేమో తమిళంలోనే వేసినారు. ఫోటో కింద నువ్వు తెలుగులో ఒక వరస రాసిపెట్టమ్మా. మాలో ఎవురికీ రాదు” అంది.

ఎవరికీ రాదు అన్న మాట వినగానే నాకు ధైర్యం వచ్చింది. ఎవరూ చదవలేరు కనుకనే రాశాను. ‘అత్తా, తప్పు నాది. మన్నించు.’ ఆమె ఆ అక్షరాలను వేళ్లతో తడిమి, “ఏం రాసినావమ్మా? సదువు, వింటాము” అంది. “అత్తా, నిన్ను మరిచిపోము అని రాశాను” అన్నాను.

“కాదమ్మా” అంది మా పాప.

ఆపి ఉండవచ్చు. ఆపలేదు. ఆ రోజు నేను చేసిన మంచి పని అదొక్కటే. పాప అట్ట మీద వేలు పెట్టి, నేను నేర్పిన పద్ధతిలోనే కూడబలుక్కుంటూ చదివింది. “అత్తా... తప్పు... నాది. మన్నించు.” పందిట్లో కూర్చున్నవాళ్లు తలెత్తి చూశారు. ఇంక దాచడానికి ఏమీ మిగల్లేదు. చెప్పేశాను. సూడు సంగతి, కిటికీ సంగతి, అన్నీ. చెబుతూ చెబుతూ ఉంటే, ఎన్నేళ్లుగానో నేను పలకని మా అమ్మ తెలుగు దానంతట అదే వచ్చేసింది. “నేనే తప్పు నేర్పినాను. నేనే అరిసినాను” అన్నాను.

ఆమె ఆశ్చర్యపోలేదు. “వదినకి ఆ పొద్దే తెలుసునమ్మా. నువ్వు అరిసినప్పుడే అర్థమై పొయ్యిందంట. మరి చెప్పకపోయినావా వదినా అని అడిగితిని. వద్దు, చెప్తే ఆ టీచరమ్మ బిడ్డకి తెలుగు నేర్పేదే విడిచిపెట్టేస్తాది, మాట నా మీదనే ఉండనీ అనింది.”

ఆమె అట్టను ఫోటో కింద ఆనించి, పాప చెయ్యి పట్టుకుని దాని పక్కన నిలబెట్టింది. పరామర్శకు జనం వస్తూనే ఉన్నారు. వచ్చిన వాళ్లందరితోనూ ఆమె “మా వదినకి తెలుగులో రాసినారు, వినండి” అని చెప్పి పాప చేత చదివించింది. నాలుగు సార్లు చదివేసరికి పాపకు కూడబలుక్కోవడం పోయి, గొంతు గట్టిపడింది. ముసలివాళ్లు చేతులు కట్టుకుని, తలాడిస్తూ, శ్రద్ధగా విన్నారు. “ఎంత బాగా సదువుతాదో బిడ్డ!” అన్నారు. పొద్దు వాలేదాకా మా పాప అలా చదువుతూనే ఉంది, నేను పక్కనే నిలబడి విన్నాను.