ఆరున్నొకటి

దయ్యాలను నేనెన్నడూ నమ్మలేదు. ఆ కథలు చెప్పేవాళ్లను తారీఖు, టైము, సాక్షి అడిగేవాణ్ణి. చాలామంది అక్కడే ఆగిపోయేవారు. ఇది మాత్రం నాకే జరిగింది.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడి కొన్నేళ్లయింది. మంచిర్యాల వైపు ఒక బొగ్గుగనిలో నేను దీపాల గది చూసేవాణ్ణి. దిగేవాళ్లకు దీపాలిచ్చి, ఎంతమందో లెక్క చెప్పడం నా పని. నాకంటే ముందు అది మా బాపు పని. బడికి పోని నాకు లెక్కలు నేర్పింది ఆయనే. బాపు ‘ఏడు’ అనేవాడు కాదు. గనిలోకి దిగేవాళ్ల ముందు ఏడుపు మాట ఎందుకని, ఆరు తర్వాత ‘ఆరున్నొకటి’ అని ఎనిమిదికి పోయేవాడు. నమ్మకం లేకపోయినా నాకూ అదే అలవాటైంది. ఆయన పోయి అప్పటికి మూడేళ్లు.

ఆ పొద్దున కింది బొగ్గు పొరకు దిగేవాళ్లకు దీపాలిచ్చి, పని చూసుకునే అధికారి, కోస్తా నుంచి కొత్తగా వచ్చిన ఓవర్‌మన్‌కు ‘ఆరున్నొకటి’ అని చెప్పాను. మధ్యాహ్నం గదిని జతగాడికి అప్పగించి క్లబ్బుకు పోయాను. కిటికీలకు కంబళ్లు కట్టి అమెరికా వాళ్ల సినిమా వేస్తున్నారు. ఒక నాయకుడి కథ. చిన్న ఊళ్లో వకీలు, తర్వాత సెనేటరు. రైలు డబ్బా వెనక నిలబడి ఉపన్యాసం, రేడియోలో ఉపన్యాసం, చివరికి టెలివిజన్‌లో ప్రత్యర్థితో వాదన. వ్యాఖ్యానం తెలుగులో. ఆ మనిషి మీద నాకు అనుమానమే కలిగింది. మూడు చోట్లా నవ్వు ఒకే కొలత.

“ఏందన్నా, గట్ల సూస్తున్నవ్? నీ సుట్టమా?” అన్నాడు పక్కనున్న మల్లేశం.

వాదనలో ఆ నాయకుడు తాను చేయబోయే పనులు వేళ్లు మడిచి లెక్కపెట్టాడు. వెంటే వ్యాఖ్యాత గొంతు. ఐదు. ఆరు. ఆరున్నొకటి.

ఆ గొంతు బాపుది. మాట చివర ఆయన దగ్గు కూడా ఉంది.

మల్లేశానికి అలాంటిదేమీ వినపడలేదట. ఎవరో ఆట పట్టిస్తున్నారనుకున్నా, పొద్దుటి లెక్క గుర్తొచ్చి లేచి గనికి వచ్చాను. తిరిగొచ్చిన దీపాలు తగిలించే కొక్కేల మీద ఒకటి తక్కువ. ఓవర్‌మన్ కింది పొరలో బొగ్గు పగలగొట్టే పేలుడుకు చెప్పేస్తున్నాడు. నేను అడ్డుపడ్డాను.

“కింద ఆరుగురు, ఆరుగురూ వచ్చేశారు. పై పొరలో ఒకడున్నాడు. ఆరూ, ఇంకొకటీ అని మీరేగా చెప్పారు?” అన్నాడు ఓవర్‌మన్.

“ఆరున్నొకటంటే ఏడు సారూ,” అన్నాను. దీపాల గది ముందు ఆ అంకె నా నోట రావడం అదే మొదలు.

పేలుడు ఆపారు. తక్కువైన ఆ ఒక్కడు, కొమురయ్య, కింది పొరలోనే గోడకు ఒరిగి నిద్రపోతూ దొరికాడు. “జర కన్నంటింది అన్నా,” అన్నాడు పైకొచ్చి, తప్పు చేసినట్టు.

పొద్దున చెప్పిన లెక్కే నా మనసులో తొలిచి, చెవికి అలా వినిపించి ఉండొచ్చు. అది తేల్చుకుందామని సాయంత్రం ఆపరేటర్‌ను బతిమాలి ఆ ముక్క రెండుసార్లు వేయించుకున్నాను. గొంతు ఎవరో పట్నం మనిషిది. దగ్గు లేదు. అంతవరకు సరే.

కానీ ఆ నాయకుడు లెక్కపెట్టింది ఒక్క చేత్తోనే. ఐదు దగ్గర పిడికిలి బిగించి నవ్వాడు. వ్యాఖ్యాత కూడా ఐదు దగ్గరే ఆగాడు.

అక్కడి నుంచి లెక్కను ఎవరు సాగించారో నాకు ఇప్పటికీ తేలలేదు.