పొద్దు పట్టే మా మేనత్త

మా మేనత్త పోయిందని మంగళవారం పొద్దున కబురొచ్చింది. ఫోను పెట్టేసి పప్పుకు తాలింపు వేశాను, టిఫిన్ డబ్బా కట్టుకుని పనికి పోయాను. మరునాడు సమాధి దగ్గర కూడా నా కళ్ళు తడి కాలేదు. రాతిగుండెది అని చుట్టాలు గుసగుసలాడుకున్నారు. అనుకోనీయండి. మా పనిలో వచ్చే జబ్బు సంగతి వాళ్ళకేం తెలుసు? మీకు చెబుతాను, వినండి.

ఆమెదీ నాదీ ఒకటే పని, పొద్దు పట్టడం. అబిడ్స్‌లో పెద్ద రోడ్డు వెనక సందులో, మేడ మీద ఒక కుట్టు కార్ఖానా ఉంది. రంజాన్‌కో, దసరాకో, క్రిస్మస్‌కో బట్టలు కుప్పలు పడితే దర్జీలకు సాయంత్రం చాలదు. అప్పుడు మేనత్త కిటికీ పక్కన స్టూలు మీద కూర్చుని, అరచెయ్యి ఎండలోకి చాపి, ఆ పొద్దును అక్కడే పట్టి ఉంచేది. కింద సందు మలుపు తిరగబోయిన ఆటో అట్లాగే ఉండిపోయేది. చాయ్ గ్లాసు ఎత్తినవాడు ఎత్తినట్టే ఉండేవాడు. లోపల మాత్రం మిషన్లు గడగడా నడిచేవి. చివరి గుండీ పడ్డాక ఆమె చెయ్యి మడిచేది, కింద మళ్ళీ హారన్లు మొదలయ్యేవి.

నాకు పని నేర్పింది ఆమే. ఆత్రంగా చెయ్యి బిగిస్తే వీపు మీద ఒక్కటి వేసేది. "గుంజకే! పొద్దేమన్న బర్రె తాడా? జర మెల్లగ పట్టు, చినుగుతది" అనేది.

పని అయ్యాక తిన్నగా ఇంటికి పోకూడదన్నది మా వాళ్ళ కట్టుబాటు. పొద్దు పట్టినవాళ్ళు లోకం కన్నా కాస్త వెనకబడతారు. అందుకని నాంపల్లి స్టేషన్ దాకా నడిచిపోయి బెంచీ మీద కూర్చునేవాళ్ళం. మొదట బండి వెళ్ళిపోయాక దాని కూత మాకు వినిపించేది. కూతా బండీ ఒక్కసారి వచ్చేదాకా కూర్చుని, అప్పుడు లేవాలి. నాకు తొందర. ఆమె మాత్రం ఉస్మానియా బిస్కెట్ చాయ్‌లో ముంచి సగం నాకిచ్చి, "ఇంకో బండి పోనీ. ఇల్లేడికి పోతది?" అనేది. ఆ సాయంత్రాలు ఎంత బాగుండేవో!

అంత జాగ్రత్తగా ఉన్నా ఆమెకు జబ్బు పట్టనే పట్టింది. మేము దాన్ని 'ఎనకపడుడు' అంటాం. దవాఖానలో ఒకరు చెవుడన్నారు, ఒకరు రక్తం తక్కువన్నారు. మాటలు, పనులు అందరిలాగే ఉంటాయి, గుండెకు చేరాల్సినవే ఆలస్యంగా చేరతాయి. మొదట నవ్వు ఆలస్యమైంది. మధ్యాహ్నం దర్జీ చెప్పిన జోకుకు ఆమె మరునాడు కోఠి బస్సులో పకపకా నవ్వింది. పక్క సీటామె తననే చూసి నవ్విందని కొట్లాటకు దిగింది. "నిన్ను గాదమ్మా, నిన్నటి ముచ్చటకు నవ్విన" అంటే ఆమెకు ఇంకా మండింది. నా పెళ్ళిలో చుట్టపుచూపుగా తిని పోయిన మేనత్త, ఎన్నాళ్ళకో నేను గిన్నెలు తోముతుంటే పూలదండ పట్టుకొచ్చి నా మెడలో వేసి గంతులేసింది.

మా నాన్న పోయినప్పుడు నాకు అసలైన భయం పట్టుకుంది. ఆయన ఆమెకు తమ్ముడు, తల్లి లేని పిల్లాణ్ణి ఆమే చంకనేసుకుని పెంచింది. కబురు చెబితే "ఔనా బిడ్డా" అని, వచ్చినవాళ్ళకు చాయ్ పెట్టింది. ఆ ఏడుపు ఎప్పుడో ఒకప్పుడు వచ్చి తీరుతుంది. రోడ్డు దాటుతుంటే వస్తే? ఇంట్లో ఎవరూ లేనప్పుడు వస్తే? ఒంటరిగా ఉన్నప్పుడు మాత్రం రానియ్యకు ప్రభువా అని మొక్కుకున్నాను. ఆ రోజు నుంచి ఆమెను వదల్లేదు. స్నానానికి పోతే తలుపు బయట నిలబడేదాన్ని. "ఏందే, నేనేమన్న దొంగనా? ఎంబడెంబడే తిరుగుతున్నవ్" అని తిట్టేది. తిడితే తిట్టనీ అనుకున్నాను.

వానలు పోయి చలి వచ్చింది. ఒక ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీద, పాత పుస్తకాలు పరిచిన చోట, దువ్వెన బేరమాడుతూ మాట మధ్యలో ఆగిపోయింది. నా చెయ్యి పట్టుకుంది.

"తమ్ముడు లేడే" అంది. "నా తమ్ముడు పోయిండే బిడ్డా!"

మూసి ఉన్న షాపు మెట్ల మీద కూలబడి గుండెలు బాదుకుంది. నేను రెండు చేతులా గట్టిగా పట్టుకున్నాను. పుస్తకాలాయన పరుగెత్తుకొచ్చి, "ఎవరు పోయిన్రమ్మా? ఇప్పుడే తెలిసిందా?" అని నీళ్ళిచ్చాడు. "ఔ భయ్యా, ఇప్పుడే" అన్నాను. నేను చెప్పింది అబద్ధం కాదు.

చాలాసేపటికి తేరుకుని, కొంగుతో తన ముఖం వదిలేసి నా ముఖం తుడిచింది. "నువ్వున్నవ్ గాబట్టి తట్టుకున్న. ఒక్కదాన్నే ఉంటే గీడనే పోతుంటి" అంది. అంతకన్నా పెద్ద మాట నాతో ఎవరూ అనలేదు.

ఇప్పుడు నా వంతు. మేనత్త పోయిందని నాకు తెలుసు, మట్టి కూడా వేసి వచ్చాను. కానీ నా లోపల ఆ మంగళవారం ఇంకా తెల్లవారలేదు. పండగ రోజు తెల్లవారుతుందో, కూర తరుగుతుంటే తెల్లవారుతుందో చెప్పలేను. భయంగా ఉంది.

మా ఆయన బషీర్‌బాగ్‌లో ఒక ఆఫీసులో గుమాస్తా. మట్టి వేసి వచ్చిన మరునాడే ఉన్నట్టుండి సెలవు పెట్టాడు. ఎందుకని అడిగితే, "ఊకెనే పెట్టిన. నీకేంది?" అన్నాడు. ఇవాళ కార్ఖానా కిటికీలోంచి చూస్తే, కింద సందులో స్కూటరుకు ఆనుకుని, భుజాన తువ్వాలేసుకుని నిలబడి ఉన్నాడు. దర్జీలు తొందర పెడుతుంటే నేను పొద్దు పట్టాను. ఆటోలు ఆగాయి, సన్‌షేడు మీద వాలబోయిన పావురం గాలిలోనే ఆగింది. మా ఆయనా ఆగిపోయాడు, తలెత్తి నా వైపే చూస్తూ.