సగం బావి

నా చిన్నప్పుడు, మొయినాబాద్ దాటాక చిల్కూరు వైపు మాకున్న జొన్న చేనుకు ఒక్కటే బావి. ఆ యేడు వానలు మొహం చాటేశాయి. కంకి పట్టే వేళకు చేను వాడిపోతుంటే, పక్క చేను ఆయన గట్టును మా వైపు జరిపి బావి తనదేనన్నాడు. తాత అప్పటికే పోయాడు. మా అవ్వ ఏడవని పూట లేదు.

అప్పట్లో మా ఊళ్ళో హద్దు తగాదా తీర్చడానికి ఒక పద్ధతి ఉండేది. తగాదా పడ్డవాళ్ళలో ఒకరు తలస్నానం చేసి, తడిబట్టలతో, ఆ చేని మట్టిపెళ్ళ నెత్తిన పెట్టుకుని నడవాలి. నడిచిందే హద్దు. మన్ను మోస్తూ తప్పు నడిస్తే వంశం నిలవదని అందరికీ భయం. పెద్దమనుషులు అవ్వను నడవమన్నారు. నాకు ప్రాణం లేచివచ్చింది. బావి అవతలి నుంచి నడిస్తే చాలు, మొత్తం మాదే!

అవ్వ మట్టిపెళ్ళ నెత్తిన పెట్టుకుని బావి ఒడ్డు దాకా వచ్చి ఆగింది. సరిగ్గా ఎదురుగా ఉన్న ఒడ్డుకు చెయ్యి చూపించి, చుట్టూ తిరిగి వెళ్ళి, అక్కడి నుంచి మళ్ళీ నడిచింది. హద్దు బావి నడిమధ్య పడింది. ఆ బావిని మా తాత, పక్క చేను ఆయన తండ్రి కలిసి తవ్వారట.

సగం నీళ్ళతో చేను బతకదు. ఇంటికొచ్చాక అవ్వ మీద విరుచుకుపడ్డాను.

"నెత్తిమీద మన్నున్నది బిడ్డా, తప్పెట్ల నడుస్త?" అంది.

ఆ యేడు జొన్న గటక కూడా కడుపునిండా దొరకలేదు. కానీ పక్క చేను ఆయన మళ్ళీ గట్టు ముట్టలేదు. అవ్వ నడిచాక కాగితం రాయించాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు. అదే మా కొంప ముంచింది.

ఈమధ్య ఆయన మనవళ్ళు ఆ చేనును ఫాంహౌస్ కోసం అమ్మేశారు. కొత్త నక్షాలో బావి మొత్తం అటే ఉంది. ప్రహరీ లేస్తోంది. చేవెళ్ల కోర్టులో కేసు వేశాను. సాక్ష్యానికి వారం ముందు మా వకీలుకు అవ్వ నడక గురించి చెప్పాను. చూసినవాళ్ళలో నేనొక్కదాన్నే మిగిలాను.

"గా నడక కోర్టుల నిలవదవ్వా. బావి మొత్తం మాదే అని చెప్పు. అట్లయితెనే సగమన్న వస్తది" అన్నాడు.

వారం రోజులు ఆ మాటే వల్లెవేసుకున్నాను. బోనులో ప్రమాణం చేయించారు. నోరు తెరిచేసరికి నా చెయ్యి దానంతటదే నెత్తి మీదికి పోయింది.

"సగమే మాది సార్" అన్నాను. వకీలు తల పట్టుకున్నాడు.

బావి దక్కుతుందన్న ఆశ నాకు లేదు. ఆ రోజు అవ్వ దించిన మన్నును మాత్రం నేనింకా దించలేకపోతున్నాను.