సిస్టర్ల బడి ఎర్రగచ్చు

ఈ పొద్దున నేను మా అమ్మాయి నల్ల బూట్లకు పాలిష్ పెడుతుంటే, ఆ వాసనకి పుత్తూరులో రాసిన పదో తరగతి పరీక్షలు గుర్తొచ్చాయి. జిల్లా పరిషత్తు బడిలో నాతో చదివినవాళ్ళారా, మీకూ గుర్తుందా? మన సెంటరు సిస్టర్ల బడిలో పడింది.

పుస్తకాలు వాళ్ళకీ మనకీ ఒకటే, ప్రశ్నపత్రమూ ఒకటే. కానీ వాళ్ళ ఎర్రగచ్చు అద్దంలా మెరిసేది. గోడ మీద మేరీమాత పటం. అది చూసి మనమంతా గుమ్మం బయటే చెప్పులు విడిచేశాం.

మా పక్కింటి వసంత అక్కడే పది చదివేది. బూట్లు టకటకలాడించుకుంటూ నా ముందు నుంచే పోతూ, "ఏమే, గుళ్ళోకి పోతాండావా, చెప్పులు ఇడిసినావు?" అని నవ్వింది. లెక్కల పరీక్షంతా నా చూపు పక్క బెంచీ కింద దాని బూట్ల మీదే.

నిన్న అదే బడిలో పేరెంట్స్ మీటింగు. గుమ్మం దగ్గర నా కాళ్ళు వాటంతటవే చెప్పులు విడిచేశాయి.

"అమ్మా, ఈడ ఇడిసే పన్లేదు, రా" అంటూ మా అమ్మాయి బూట్లతోనే లోపలికి నడిచింది.

వసంత మీది కుళ్ళు ఇంకా పోనే లేదు, ఇప్పుడు కన్నకూతురి మీద మొదలైంది. పొద్దున పాలిష్ మధ్యలో ఆపి, ఎవరూ చూడకుండా ఆ బూటులో కాలు దూర్చి చూశాను.

పట్టలేదు.